ఒనోదెరా గారి డైలాగు

డైలాగు మొత్తం తీసేశారన్న సంగతి జోసఫిన్‌కి బుధవారం మధ్యాహ్నం తెలిసింది. చెప్పినవాడు చక్రపాణి. చెప్పి ఊరుకున్నా బాగుండేది. ఆ ముసలావిడకి మాత్రం శనివారం దాకా తెలియనివ్వొద్దని కూడా అన్నాడు.

"తెలిస్తే మానేస్తుందేమోనండీ. ఈ టైమ్‌లో ఇంకో జాపనీస్ లేడీని ఎక్కడ వెతకను? మీరు రోజూలాగే వెళ్లి ప్రాక్టీస్ చేయించండి. సెట్‌లో నీరజ్ మేనేజ్ చేసుకుంటాడు."

శాంటా క్లారాలో తను పనిచేసే మందుల షాపు వెనక, కార్లో కూర్చుని పెరుగన్నం తింటోంది జోసఫిన్. ఫోన్ స్పీకర్లోంచి వస్తున్న ఆ మాటకి చెంచా డబ్బాలో పెట్టేసింది.

"అదేంటండీ, ఆవిడ ఆ డైలాగు కోసమే కదా ఒప్పుకున్నారు! నెల్లాళ్ల నుంచి నేర్చుకుంటున్నారు."

"నిజమేనండీ. కానీ పేజీ డైలాగంటే లాగ్ అవుతుంది. ఇక్కడి ఆడియన్స్‌కి కామెడీ కావాలి. చీపురుతో హీరోని తరుముతుంది, అంతే. పొట్ట చెక్కలయ్యే సీనది. ప్లీజ్, మీరు చెప్పకండి."

జోసఫిన్ సరేనంది. కాదనడం ఆమెకు చేతకాదు. ఆదివారాలు తెలుగు చర్చిలో పిల్లలకి వాక్యాలు కంఠతా పట్టించేది ఆమే. అమెరికాలో పుట్టిన పిల్లల నోట కూడా 'ళ' పలికిస్తుందన్న పేరు విని చక్రపాణి ఆమెను వెతుక్కుంటూ వచ్చాడు. పగలు సాఫ్ట్‌వేర్ ఉద్యోగం, సాయంత్రం సినిమా పిచ్చి ఉన్న మనిషి. స్నేహితులతో కలిసి సినిమా తీస్తున్నామని, డైరెక్టర్ నీరజ్ హైదరాబాద్ నుంచి యూనిట్‌ని తెస్తున్నాడని, అందులో తెలుగు కుర్రాళ్లకి గదులు అద్దెకిచ్చే జపాన్ ఇంటావిడ పాత్ర ఒకటి ఉందని చెప్పాడు. ఏళ్ల తరబడి అద్దెకున్నవాళ్ల దగ్గర తెలుగు వంటబట్టిన ఆ ఇంటావిడ, చెప్పాపెట్టకుండా ఉడాయించబోతున్న హీరోని నిలబెట్టి తెలుగులో కడిగేస్తుంది. ఆ పాత్రకి హిసానో ఒనోదెరా అనే నటి దొరికింది. ఆవిడకి తెలుగు నేర్పాలి. అప్పుడూ జోసఫిన్ సరేననే అంది. కాకపోతే ఆ సరేలో సంతోషం ఉంది.

ఆ సాయంత్రం ఒనోదెరా గారి అపార్ట్‌మెంట్ తలుపు తట్టింది.

ఒనోదెరా గారు డెబ్భై దాటిన మనిషి. సన్నగా, నిటారుగా ఉంటారు. అప్పటికే భోజనాల బల్ల చుట్టూ ఉన్న కుర్చీలు గోడవారకి జరిపేసి ఉన్నాయి. బల్ల చుట్టూ తిరుగుతూ నేర్చుకోవడం ఆవిడ పద్ధతి. ఒక్కో వాక్యానికి ఒక్కో చుట్టు. వాక్యం మధ్యలో తడబడితే వెనక్కి నడిచి, ఎక్కడ మొదలుపెట్టారో అక్కణ్ణుంచి మళ్లీ బయలుదేరతారు. ఒత్తు అక్షరాల కోసం పెదవుల ముందు పల్చటి కాగితం ముక్క పట్టుకుంటారు. 'భ' అన్నప్పుడు కాగితం ఎగరాలి, 'బ' అన్నప్పుడు కదలకూడదు. ఈ చిట్కా అంతకుముందు జోసఫిన్‌కి ఎవరూ చెప్పలేదు. ఇప్పుడు చర్చి పిల్లలకీ అదే నేర్పుతోంది.

"తాలం చెవి రెండు చేతులతో అందుకుంటారు," అన్నారు ఒనోదెరా గారు బల్ల మూల తిరుగుతూ.

తాళం అనాలి. నిన్నటికి వచ్చేసింది, ఇవాళ మళ్లీ జారింది. రోజూ అయితే జోసఫిన్ చెయ్యెత్తి ఆపేది. నాలుక మడత పెట్టి చూపించేది.

"బాగుందండీ," అంది.

ఒనోదెరా గారు ఒక్క క్షణం ఆగి ఆమె వైపు చూశారు. తర్వాత నడక సాగించారు. ఆ సాయంత్రమంతా జోసఫిన్ బాగుందనే అంది. తీసేసిన డైలాగులో 'ల' అయితేనేం, 'ళ' అయితేనేం?

చివర్లో ఆవిడ బార్లీ టీ పోసిచ్చి, ఎదురుగా కూర్చున్నారు. ఇద్దరి మాటలూ ఇంగ్లిష్‌లోనే. ఇద్దరి ఇంగ్లిష్‌లోనూ ఎవరి ఊరు వాళ్లకుంది.

"మీరు అమెరికన్ సినిమాలు చూస్తారా?" అన్నారు ఒనోదెరా గారు. "నేనున్నవి కొన్ని ఉన్నాయి. రెప్ప వేయకుండా చూడాలి. ఒకదాన్లో బట్టల షాపులో తల వంచి నమస్కరిస్తాను. ఒకదాన్లో దయ్యాన్ని. పోయినేడాది ఆసుపత్రి మంచం మీద ఉన్నాను. టైటిల్స్ పడకముందే చచ్చిపోయాను."

జోసఫిన్ నవ్వాలో వద్దో తెలియక గ్లాసు పట్టుకుని కూర్చుంది.

"టోక్యోలో దీనికి తలకిందులు. నాటకాల వాళ్లకి డబ్బింగ్ పని ఇచ్చేవారు. టీవీలో అమెరికన్ సినిమా వస్తే, ఆ తెల్లమ్మాయి నోట్లోంచి వచ్చే జపాన్ మాట నాది. దేశమంతా నా గొంతు విన్నారు. కూరగాయల కొట్లో మాత్రం నన్నెవరూ గుర్తుపట్టలేదు. అక్కడ గొంతు అమ్ముకున్నాను, ఇక్కడ మొహం అమ్ముకున్నాను. రెండూ ఒకచోట ఉన్నది స్టేజి మీదే." ఆవిడ గ్లాసు కింద పెట్టారు. "అందుకే ఈ పేజీ నాకు కావాలి. ఏ భాషైతేనేం. నా మొహంతో, నా గొంతుతో, తెర మీద ఒక పేజీ."

జోసఫిన్ వచ్చి కారెక్కింది. ఒళ్లు మండిపోతోంది. చక్రపాణి మీద మండింది, మొహమైనా చూడని నీరజ్ మీద మండింది. అన్నిటికన్నా, బాగుందండీ అన్న తన నోటి మీద మండింది. అయినా గురువారం వెళ్లింది, శుక్రవారమూ వెళ్లింది. మింగలేక కక్కలేక బాగుందండీ అంటూనే కూర్చుంది.

శనివారం షూటింగ్ కాలిఫోర్నియాలోనే ఉన్న డబ్లిన్‌లో అద్దెకి తీసుకున్న ఒక ఇంట్లో. సాయంత్రం లోపల ఇల్లు ఖాళీ చేసి ఇచ్చెయ్యాలి. వీధి పొడవునా కార్లే. పార్టీ సీనుకి జనం కావాలని చక్రపాణి తెలిసినవాళ్లందరికీ మెసేజ్ పెట్టాడేమో, గరాజ్ నిండా పట్టుచీరలు. జోసఫిన్ చర్చి నుంచి కరుణమ్మ గారు నలుగురు ఆడవాళ్లని వెంటేసుకుని, కారప్పూస డబ్బాతో సహా దిగిపోయారు. పొద్దున పార్టీ సీన్లో ఆవిడ వేసిన స్టెప్పులకి డాన్స్ మాస్టర్ కూడా చప్పట్లు కొట్టాడు.

ఒనోదెరా గారు సొంత బట్టల్లో వచ్చారు. మోచేతుల దగ్గర పల్చబడిన బూడిదరంగు స్వెట్టరు, ముదురు రంగు లాగు. ఇళ్లు అద్దెకిచ్చే ముసలావిడ ఎలా ఉంటుందో ఆలోచించి, స్వెట్టరుని తనే ఉతికి ఉతికి పాతబరిచారట. మేకప్ గదిలో దాన్ని విప్పించారు. మెరిసే ఎర్రగుడ్డ మీద బంగారు డ్రాగన్ ఉన్న అంగీ ఒకటి తొడిగారు. హాలోవీన్ సామాన్ల దుకాణం సరుకు. ధర చీటీ మెడ దగ్గర ఇంకా వేలాడుతోంది. మేకప్ కుర్రాడు మొహానికి సున్నం కొట్టినట్టు తెల్లటి పొడి అద్దాడు.

అప్పుడు నీరజ్ వచ్చాడు. ముప్ఫై ఏళ్ల వాడు, మాట మెత్తన. వంగి నమస్కారం పెట్టాడు.

"మేడమ్, చిన్న చేంజ్. డైలాగ్ లేదు. హీరో తప్పించుకుని పోతుంటే మీరు చీపురుతో తరుముతారు. ఫుల్ కామెడీ. కోపంగా నోరు ఆడించండి చాలు. వన్ టూ త్రీ ఫోర్ అనుకోండి. మా దగ్గర బాంబే హీరోయిన్లు కూడా అంతే చేస్తారు. తర్వాత హైదరాబాద్‌లో డబ్బింగ్ చెప్పిస్తాం."

"ఎవరు చెప్తారు?" అన్నారు ఒనోదెరా గారు.

"మిమిక్రీ ఆర్టిస్ట్ ఉన్నాడు మేడమ్, సూపర్. ముసలమ్మల గొంతు వేశాడంటే థియేటర్ ఊగిపోద్ది. చైనీసూ జాపనీసూ కలిపి ఏదో కొడతాడు."

"మగవాడా?"

"అదే కామెడీ మేడమ్." నీరజ్ ఉత్సాహంగా బొటనవేలు చూపించి వెళ్లిపోయాడు.

పిలిచి పీట వేసి, కూర్చోబోతుంటే లాగేయడమంటే ఇదే. జోసఫిన్ తలుపు మూసింది. ఆవిడ కళ్లలోకి చూడలేక ఆ డ్రాగన్ తోకతో మాట్లాడింది.

"నాకు ముందే తెలుసండీ. చెప్పొద్దన్నారు. నేను చెప్పి ఉండాల్సింది."

"నాకూ బుధవారం నుంచి తెలుసు," అన్నారు ఒనోదెరా గారు అద్దంలో చూసుకుంటూ. "ఆ రోజు నుంచి నా తప్పులు దిద్దడం మానేశారు."

జోసఫిన్‌కి కళ్లనీళ్లు తిరిగాయి. "మరి ఎందుకు వచ్చారండీ? మానేయాల్సింది."

"వస్తానని మాటిచ్చాను." ఆవిడ మెడ దగ్గర ధర చీటీ పట్టుకుని పుటుక్కున తెంపారు. "బట్టలు వాళ్లిష్టం. మొహం మీద పొడి వాళ్లిష్టం. నోరు నాది. ఇప్పుడు దిద్దండి."

"ఏమిటండీ?"

"మూడు రోజుల తప్పులు బాకీ ఉన్నారు. దిద్దండి."

తిరగడానికి బల్ల లేదు. కుర్చీ చుట్టూ నడిచారు, ఆ ఎర్ర అంగీలోనే. జోసఫిన్ ప్రతి అక్షరం దగ్గరా ఆపింది. తాళం దగ్గర ఆపింది, ఇళ్ల దగ్గర ఆపింది. కోపం తెచ్చుకుని మరీ ఆపింది. బయట ఎవరో షాట్ రెడీ అని తలుపు బాదేసరికి డైలాగు అంతా ఒక్క తప్పు లేకుండా నిలబడింది.

షాట్ హాల్లో. హీరో ఆర్యన్ సూట్‌కేసుతో మెట్లు దిగుతాడు, ఆవిడ వంటగదిలోంచి చీపురుతో వస్తారు. గరాజ్‌లోని ఆడవాళ్లంతా వరండా కిటికీ దగ్గర మూగారు. కరుణమ్మ గారైతే అంగీ చూడగానే నోటికి కొంగు అడ్డం పెట్టుకున్నారు.

"యాక్షన్!"

ఒనోదెరా గారు వచ్చారు. ఎంత వేగంగా రమ్మన్నారో అంత వేగం. నేల మీద గుర్తు పెట్టిన చోట సరిగ్గా ఆగారు. చీపురెత్తారు. పెదవులు మాత్రం బిగించి ఉన్నాయి.

"కట్. మేడమ్, అరవాలి. నోరు తెరవాలి," అన్నాడు నీరజ్.

ఆవిడ తలూపారు. మళ్లీ వచ్చారు. అదే వేగం, అదే గుర్తు, అదే ఎత్తులో చీపురు. నోరు మూసే ఉంది. మూడోసారి ఆర్యన్ నవ్వు ఆపుకోలేక కట్ చెప్పించాడు. ఆ తర్వాత అతనికి నవ్వు రాలేదు. బిగించిన ఆ పెదవుల ముందు సూట్‌కేసు పట్టుకుని నిలబడటం అతనికి రానురాను ఇబ్బందిగా ఉన్నట్టుంది, మొహం పక్కకి తిప్పుకోసాగాడు. కిటికీ దగ్గర కూడా నవ్వులు ఆగిపోయాయి.

"ఏంటండీ ఈవిడ!" చక్రపాణి జోసఫిన్ మీదికి వచ్చాడు. "మీరు చెప్పండి. ఒకటి రెండు అనడానికి ఏమైంది?"

జోసఫిన్ అడిగింది. ఒనోదెరా గారు చీపురు రెండో చేతికి మార్చుకుని నెమ్మదిగా చెప్పారు.

"పదిహేనేళ్లు డబ్బింగ్ చెప్పినదాన్ని. పెదవులు కదిలితే ఏ గొంతైనా పెట్టొచ్చు. ఎంత చెత్తయినా పెట్టొచ్చు. మూసిన నోట్లో పెట్టడానికి ఏమీ ఉండదు. ఈ సినిమాలో నా నోట్లోంచి ఇంకొకరి గొంతు రాదని డైరెక్టర్‌తో చెప్పండి."

జోసఫిన్ చెప్పింది. మెత్తబరచకుండా, ఉన్నదున్నట్టు చెప్పింది.

నీరజ్ కిటికీలోంచి ఎండ వైపు చూశాడు. ఎండ అప్పటికే పసుపు తిరిగింది. అతను తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లనే రకం. "ఓకే. క్లోజప్ వద్దు. వీపు వైపు నుంచి తీద్దాం. అరుపులు దాని మీద వేసుకుందాం. డూప్ కావాలి, వేరే గొంతు వేస్తామంటే ఈవిడ వెనక నుంచి కూడా చెయ్యదు." అతని చూపు జోసఫిన్ మీద ఆగింది. "మీరు కరెక్ట్ హైట్ అండీ. విగ్గు పెట్టి, ఆ డ్రెస్ వేస్తే సరిపోద్ది. మీ ఫేస్ కనపడదు."

"నేను చెయ్యను."

అన్నాక ఆమెకే ఆశ్చర్యం వేసింది.

"అబ్బా, మీకేం పోయిందండీ? అయిదు నిమిషాలు," అన్నాడు చక్రపాణి. గొంతు తగ్గించాడు. "ఆవిడెవరో. మీరు మన మనిషి."

"మన మనిషిని కాబట్టే సిగ్గేస్తోంది చక్రపాణి గారూ." జోసఫిన్ అక్కడితో ఆగలేదు. "ఆఫీసులో మన యాక్సెంట్‌ని ఎవడైనా ఎక్కిరిస్తే ఇంటికొచ్చి రెండ్రోజులు అన్నం మానేస్తాం. గ్రూపుల్లో పేజీలకి పేజీలు రాస్తాం. ఈవిడ మన భాష నేర్చుకొస్తే, నోరు నొక్కి మగాడి చేత చింగ్ చాంగ్ అనిపిస్తారా? దానికి నా వీపు కావాలా?"

నీరజ్ విసుగ్గా కిటికీ వైపు తిరిగాడు. "ఆంటీ, మీరు రండి. పొద్దున డాన్స్ ఇరగదీశారు."

పిలిచింది తనని కాదన్నట్టు కరుణమ్మ గారు వెనక్కి చూశారు. తర్వాత మోకాలి మీద చెయ్యేసుకున్నారు.

"నా వల్ల కాదు బాబూ. మోకాళ్ల నొప్పులు. డాక్టరు నిలబడొద్దన్నాడు."

పక్కనున్న ఆవిడకి నడుం పట్టేసింది. ఇంకొకావిడకి పిల్లాణ్ణి స్విమ్మింగ్ నుంచి తీసుకురావాల్సిన పని గుర్తొచ్చింది. పొద్దున్నించి కెమెరా ఎటు తిరిగితే అటు వచ్చి నిలబడినవాళ్లందరికీ ఉన్నట్టుండి ఏదో ఒక రోగం, ఏదో ఒక పని. కాదని మొహం మీద చెప్పడం మనవాళ్లకి అలవాటు లేదు గానీ, చెప్పదలుచుకుంటే దారులకి కొదవ లేదు.

నీరజ్ మళ్లీ కిటికీలోంచి చూశాడు. ఎండ పోయింది. చేతిలో కాగితాలు సోఫాలో విసిరేసి ప్యాకప్ అన్నాడు.

ఒనోదెరా గారు మొహం కడుక్కుని, తన స్వెట్టరు వేసుకుని వచ్చేసరికి ఇంటిముందు వెలుతురు ఇంకా కొంచెం మిగిలి ఉంది. కుర్రాళ్లు లైట్లు విప్పి వ్యానులోకి ఎక్కిస్తున్నారు. ఆడవాళ్లు కార్ల దగ్గర గుంపుగా నిలబడ్డారు. కరుణమ్మ గారు కారప్పూస డబ్బా మూత తీసి ఒనోదెరా గారి ముందు పట్టుకున్నారు. ఇందాక నవ్వినందుకు అంతకంటే ఏం చెయ్యాలో కరుణమ్మ గారికి తోచలేదు.

"ఇంతకీ ఈవిడ ఏం చెప్పాల్సి ఉందే జోసఫినూ?" అన్నారు కరుణమ్మ గారు.

జోసఫిన్ నోరు తెరిచేలోగా ఒనోదెరా గారు కారప్పూస రెండు వేళ్లతో తీసుకుని నోట్లో వేసుకున్నారు. ఆ ప్రశ్న ఆవిడకి అర్థమైంది. నమిలి మింగి, చేతులు దులుపుకుని, స్వెట్టరు అంచు సర్దుకున్నారు. పాదాలు కొంచెం ఎడంగా పెట్టి నిలబడ్డారు. అంతే, ఎదురుగా ఉన్న డబ్లిన్ ఆడవాళ్లు కాస్తా సభ అయిపోయారు.

"ఇరవై ఏళ్లుగా నా ఇంట్లో మీ పిల్లలే అద్దెకుంటున్నారు," అన్నారు తెలుగులో. గొంతు పెద్దది కాదు, వ్యాను దాకా వినిపించింది. "వచ్చిన రోజు అమ్మా అంటారు. తాళం చెవి రెండు చేతులతో అందుకుంటారు. ఉద్యోగం మారిందంటే చాలు, ఆ తాళం చెవి వంటగట్టు మీద పడేసి పోతారు. ఒక్కడు కూడా నా చేతిలో పెట్టలేదు."

కరుణమ్మ గారు డబ్బా మూత పెట్టడం మర్చిపోయారు.

"మీరు వదిలేసిన దుప్పట్లు నా గరాజ్‌లో ఉన్నాయి. ఆవకాయ సీసాలు ఉన్నాయి. మీ దేవుళ్లు కూడా ఉన్నారు. దుప్పట్లు పారేయగలను. దేవుళ్లని ఎలా పారేయను? దుమ్ము తుడిచి పెడుతున్నాను. నన్ను అమ్మా అనకు. నేను నీకు అమ్మని కాను. ఇంటావిడని. ఇంటావిడకి కూడా ఒక మొహం ఉంటుంది. అది చూసి మాట్లాడు."

లైట్లు మోస్తున్న కుర్రాళ్లు ఆగిపోయారు. గుమ్మంలో ఆర్యన్ నిలబడి ఉన్నాడు. ఆడవాళ్లలో ఒకామె ముక్కు చీదుకుంది. 'ళ'లు, ఒత్తులు ఎక్కడివక్కడ పడుతుంటే జోసఫిన్‌కి తెలియకుండానే పెదవులు కదులుతున్నాయి.

"పోయేవాణ్ణి పోవద్దనను. పోవడానికే వచ్చావు. కానీ,"

"కెమెరా! కెమెరా పట్రా, రోల్ చెయ్!"

నీరజ్ మెట్లు దూకుతూ వచ్చాడు. కెమెరా కుర్రాడు సగం విప్పిన దాన్ని భుజానికెత్తుకుని పరుగెత్తుకొచ్చాడు. కెమెరా ఒనోదెరా గారి మొహం మీదికి తిరిగింది.

ఆవిడ నోరు మూసేశారు.

"మేడమ్, కంటిన్యూ, ప్లీజ్! ఫెంటాస్టిక్!" అన్నాడు నీరజ్. "డైలాగ్ ఉంచుతాను. మీ వాయిసే ఉంచుతాను. ప్రామిస్." అందితే జుట్టు, అందకపోతే కాళ్లు. ఆ క్షణానికి బహుశా నిజంగానే అన్నాడేమో. హైదరాబాద్ చేరేదాకా ఉండే నిజం.

ఒనోదెరా గారు జోసఫిన్ వైపు చూశారు.

"నమ్మకండి," అంది జోసఫిన్, అందరికీ వినపడేలా, తెలుగులోనే.

ఆవిడ నీరజ్‌కి వంగి నమస్కరించారు. వెళ్లి జోసఫిన్ కారెక్కి బెల్టు పెట్టుకున్నారు. జోసఫిన్ ఇంజన్ స్టార్ట్ చేసింది. కెమెరా జోసఫిన్ వైపు అద్దం దగ్గరికి వచ్చి ఆగింది. ఇంతలో రెండో వైపు అద్దం మీద ఎవరో దబదబా కొట్టారు. కరుణమ్మ గారు. మోకాళ్ల నొప్పుల మనిషి కారు చుట్టూ పరుగెత్తుకొచ్చారు.

"మిగతా ముక్కో?" అన్నారు రొప్పుతూ. "కానీ అన్నారు కదమ్మా. కానీ ఏంటి?"

ఒనోదెరా గారు అద్దం దించారు. కెమెరాకి వీపు పెట్టి పూర్తిగా అటు తిరిగారు. కరుణమ్మ గారి మొహంలోకి చూస్తూ, ఆవిడ ఒక్కరికే వినపడేంత గొంతుతో చెప్పారు.

"రాకపోయినా సరే. వెళ్లొస్తానని చెప్పి వెళ్లు."